సారీ చెప్పలేని వంశం

మనిషి చేసే ప్రతి తప్పుకూ అతని తాతముత్తాతలే పూచీ అని శాస్త్రం తేల్చిన రోజునే మానవజాతికి అసలైన స్వాతంత్ర్యం వచ్చిందని నా నిశ్చితాభిప్రాయం. ఆ స్వాతంత్ర్యాన్ని సింగపూర్ వాసులకు టోకెన్ నంబరు ప్రకారం పంచిపెట్టడానికి ఏర్పడిందే స్వభావ వారసత్వ నిర్ధారణ కార్యాలయం. మీ గుణం జన్యువుల నుంచి వచ్చిందని అక్కడ నిరూపించుకుంటే ధ్రువపత్రం ఇస్తారు. పత్రం ఉన్నవాణ్ని ఆ గుణం విషయంలో ఎవరూ, ముఖ్యంగా కట్టుకున్న భార్య, నిలదీయరాదు (ఏడో నిబంధన, రెండో ఉపనిబంధన).

నాకు ఆ పత్రం అత్యవసరమైంది. పదకొండు రోజుల క్రితం, మేముండే యూ టీ పేటలో, ఇంటి దగ్గరి హాకర్ సెంటర్ తిండిశాలలో, నా ఆఫీసు పాస్ పారేసిందని మా అమ్మాయి దీక్షితను స్నేహితురాళ్ల ముందే కేకలేశాను. పద్నాలుగేళ్ల పిల్ల, చేతిలో నూడుల్స్ గిన్నెతో అలాగే నిలబడిపోయింది. (దాని మార్కులు నా పోలిక, మతిమరుపు మేనమామ పోలిక. ఈ పంపకం అది పుట్టిన నాటి నుంచీ మా ఇంట్లో అమల్లో ఉంది.) పాస్ నా చొక్కా జేబులోనే దొరికింది. అప్పటి నుంచి దీక్షిత నాతో మాట్లాడటం లేదు. వాళ్లమ్మతో నవ్వుతూ కబుర్లు చెబుతుంటుంది, నేను గదిలోకి రాగానే ఆపేస్తుంది. నాకు బెంగగా ఉంది, చాలా బెంగగా ఉంది.

"ఏవండీ, సారీ అని ఒక్క మాట. వెళ్లి చెప్పేసి రండి," అంది మా ఆవిడ ఉమ.

"మా వంశంలోనే లేదు ఉమా. మా తాత చెప్పలేదు, మా నాన్న చెప్పలేదు. నాకు నోరు తిరగదు."

"అయితే ఆ మాట కాగితం మీద రాయించుకు రండి."

ఆమె వెటకారానికి అంది. నేను అపాయింట్‌మెంట్ తీసుకున్నాను.

ఉమ్మితే జరిమానా పడే ఊళ్లో, ఒక ఆఫీసు వాళ్లే చేతికి గొట్టం ఇచ్చి ఉమ్మమని బతిమాలడం నాకెంతో గౌరవంగా అనిపించింది. ఫారంలో వంశ సంకేతం అన్న గడిలో భారద్వాజస గోత్రం అని రాశాను. కౌంటర్లో ఉన్న అధికారిణి పేరు సుచిత్ర. నాలుగు తరాలుగా ఇక్కడే స్థిరపడిన తెలుగింటి పిల్ల, తెలుగులో ఇక్కడి తమిళం, మలయ్ మాటలు కలిసిపోతాయి.

"గోత్రం వేండాం అంకుల్, ఉమ్మి చాలు," అంది. "ఇంటి బయట మీకు సారీ వస్తుందా?"

అబద్ధమాడితే అదీ జన్యుపరీక్షలో తేలిపోతుందేమోనని నిజమే చెప్పాను. ట్రైన్‌లో నా కాలు తొక్కిన వాళ్లకు నేనే సారీ చెబుతాను. ఆఫీసు మెయిల్ ఒక్కోదానిలో రెండుసార్లు రాస్తాను. మొన్న మూసుకుపోతున్న లిఫ్టు తలుపుకు కూడా చెప్పాను.

"అలామాక్! బయట వస్తుంది, ఇంట్లో రాదా?" సుచిత్ర కాసేపు వెతికి, 'గడప దగ్గర ఆగిపోయే గుణాలు' అన్న విభాగంలో నన్ను చేర్చింది. "దీనికి సాక్షి కావాలి అంకుల్. మీ ఇంటి పెద్దాయన వచ్చి, నేను కూడా పిల్లలకి ఎప్పుడూ సారీ చెప్పలేదు అని సంతకం పెట్టాలి. అంతే లా."

మా నాన్న సీతారామారావు గారు పాసిర్ రిస్‌లో మా తమ్ముడి దగ్గర ఉంటారు. ఊరికి ఆ చివర నుంచి ఈ చివరకు ట్రైన్‌లో వచ్చారు, ఇస్త్రీ చొక్కా వేసుకుని. ఫారం రెండుసార్లు చదివి పెన్ను కింద పెట్టేశారు.

"ఇది నేనెలా పెడతాన్రా? చెప్పాను కదా నీకు."

"ఎప్పుడు నాన్నా?"

"ఏడో తరగతిలో. సైకిల్ తాళంచెవి పోగొట్టావని చావబాదాను. తీరా చూస్తే నా లాల్చీ జేబులోనే ఉంది. సాయంత్రం నీ పక్కన కూచుని, తప్పయిపోయింది నాన్నా అన్నాను. నువ్వు అటు తిరిగి పడుకున్నావు."

నాకు గుర్తులేదని చెప్పబోయాను. గుర్తుంది. ఆయన గొంతు వణకడం కూడా గుర్తుంది. ఆ ఒక్క మాటతో నా ఏడుపు ఆగిపోయింది. అంత తేలిగ్గా కరిగిపోయానని ఆయనకు తెలియకూడదని నిద్ర నటించాను.

సుచిత్ర టైప్ చేయడం ఆపి ముక్కు తుడుచుకుంది (పని వేళల్లో చలించే గుణం, కారణం పరిశీలనలో ఉంది). తర్వాత ఫలితం చేతికిచ్చింది. వస్తువు తన జేబులో పెట్టుకుని పిల్లల మీద విరుచుకుపడటం: వారసత్వం, నిరూపితం. క్షమాపణ చెప్పకపోవడం: వారసత్వం కాదు, స్వయంకృతం. ముప్పై రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు. జీవితంలో స్వయంకృషితో పైకొచ్చానని పదిమందికీ చెప్పుకునేవాణ్ని, మొదటిసారి దానికి లిఖితపూర్వక ఆధారం దొరికింది.

ఇంటికెళ్లి దీక్షిత గది ముందు నిలబడ్డాను. తలుపు తట్టాను. గొంతు సవరించుకున్నాను. ఈసారి తాత అడ్డం లేడు, నాన్న అడ్డం లేడు.

"అన్నం తిన్నావా?" అన్నాను.

తలుపు తెరుచుకోలేదు. కింద సందులోంచి ఒక కాగితం బయటికొచ్చింది. నా అర్జీ చూసి అదీ ఆ కార్యాలయం యాప్‌లో దరఖాస్తు పెట్టుకుందట, నిమిషంలో ఆమోదించారు.

గుణం: సొంత మనిషితో మాట్లాడలేకపోవడం. వారసత్వం: నిరూపితం. మూలపురుషుడు: తండ్రి. అదే చిరునామాలో నివాసం, సాక్షి అవసరం లేదు.