మోకాలికి కట్టిన శాండ్‌విచ్‌లు

ఆకురాలు కాలం వచ్చిందంటే ఆ ఇల్లాలి మనసు బేరిపండ్ల మీదికి పోతుంది. ఈసారి మనసుతో పాటు ఆశ కూడా వాటి మీదికే పోయింది. వీధి చివర కేఫ్ నడిపే ఆవిడ సాయంత్రం టీకి వస్తానంది. శాండ్‌విచ్‌లు నచ్చితే రోజూ కేఫ్‌కు చేసిచ్చే పని అప్పగిస్తానంది. పెళ్లయిన నాటి నుంచి ఇల్లాలు వండింది ఇంట్లోవాళ్లు తినడమే కానీ మెచ్చుకున్న పాపాన పోలేదు. పరాయి మనిషి నోటనైనా "బాగుంది" అనిపించుకోవాలని ఆమె పంతం.

అందుకే పొద్దున్నే మంచి పండ్లు ఏరి తెచ్చుకుంది. మధ్యాహ్నం వాటిని పల్చగా తరిగి, వెన్న, చీజ్ రాసిన బ్రెడ్డులో పరిచి, దాల్చినచెక్క, లవంగం, మిరియాల పొడి చల్లింది. బ్రెడ్డుకూ పోపులపెట్టెకూ అలా వియ్యం కలిసింది. చీజూ పండూ అంటుకుని వచ్చిన అంచులను కోసి, పారేయడానికి చేతులు రాక, పెనం మీద వెన్నతో వేయించి డబ్బాలో పెట్టింది. అంతా సవ్యంగానే ఉంది. ఆ రోజు మొగుడికి సెలవు కావడమే వచ్చిన చిక్కు.

ఆయన కారే మేడలకు వాటర్‌ప్రూఫింగ్ చేసే కాంట్రాక్టరు. తడి కనిపిస్తే కాలు నిలవదు. ఒక శాండ్‌విచ్‌ను తిరగేసి చూశాడు.

"ఇది లీకేజీ," అన్నాడు.

"పండండీ. రసం ఉండదూ?"

"మొదట అందరూ ఇలాగే అంటారు. పైకప్పు పెచ్చులూడాక నాకు ఫోన్ చేస్తారు."

"వాటి జోలికి పోకండి. మీకు పుణ్యముంటుంది," అని దణ్ణం పెట్టి ఆమె స్నానానికి వెళ్లింది.

ఆయనకు పుణ్యం కన్నా పనితనం ముఖ్యం. అన్నిటికీ వెన్నతో రెండో కోటింగు వేశాడు. కొత్త శ్లాబుకు తడి గోనెలు కప్పినట్టు వాటిని తడిగుడ్డలో చుట్టాడు. బరువు పెడితే గట్టిపడతాయని, అప్పుడే చొక్కాకు వాడిన ఇస్త్రీపెట్టె పైన పెట్టాడు. అది ఇంకా చల్లారలేదన్న సంగతి అంత పనితనంలో ఆయనకు తట్టలేదు. కాసేపటికి పెట్టె తీసి, మూటను హాల్లో బల్ల మీద ఆరనిచ్చి, ఫోన్ మోగితే బయటికి వెళ్లాడు.

ఆయన తల్లికి మోకాళ్ల నొప్పులు. కాపడం పెట్టరా అని కొడుకును ఎన్నాళ్లుగానో అడిగి అడిగి విసిగిపోయింది. అలాంటావిడ హాల్లోకి వచ్చేసరికి తన కుర్చీ పక్కనే వెచ్చటి తడిమూట, లవంగం, మిరియాల ఘాటు. ఇంక అనుమానమేముంది? మూటను మోకాలికి బిగించి కట్టుకుంది.

కొడుకు తిరిగొచ్చేసరికి ఆవిడ కళ్లు చెమర్చి ఉన్నాయి. "నొప్పి సగం లాగేసింది నాన్నా. నామీద నీకు ధ్యాసే లేదనుకున్నాను. తప్పయిపోయిందిరా."

అది శాండ్‌విచ్చమ్మా అని చెప్పడానికి ఆయనకు నోరు రాలేదు. "ఊఁ" అన్నాడు. అంతలో కేఫావిడ రానే వచ్చింది. వచ్చి పెద్దావిడ పక్కనే కూర్చుంది.

"హాలంతా దాల్చినచెక్క వాసన. ప్రాణం లేచొస్తోందండీ. ఎక్కణ్ణుంచి?"

"ఇక్కణ్ణుంచేనమ్మా," అని పెద్దావిడ కాలు ముందుకు చాపింది. "మా అబ్బాయి చేశాడు."

ఆయన వంటింట్లోకి జారుకునేసరికి ఇల్లాలు ఖాళీ పళ్లెం పట్టుకుని నిలబడి ఉంది. "ఏమండీ, శాండ్‌విచ్‌లేవీ?"

"అమ్మ దగ్గరున్నాయి."

"అత్తయ్య తింటున్నారా?"

"తినట్లేదు. కట్టుకుంది."

ఇల్లాలు గుమ్మంలోంచి తొంగి చూసింది. కట్టు సందులోంచి బేరిపండు ముక్క ఒకటి బయటికి చూస్తోంది. ఆమెకు ఏడుపు తన్నుకొచ్చింది. "నా నోట్లో మట్టి కొట్టారు కదండీ."

"పోనీ, విప్పుకు రానా?"

"విప్పి? ఆవిడకు పెడతారా?"

ఇంట్లో మిగిలింది డబ్బాలోని అంచులే. వాటినే పళ్లెంలో పోసి, టీతో పాటు తెచ్చి, తలెత్తకుండా బల్ల మీద పెట్టింది. "ఇవే ఉన్నాయండీ," అంది.

కేఫావిడ ఒకటి కొరికింది. ఇంకొకటి టీలో ముంచి తింది. మూడోది తీసుకుంది. ఇల్లాలు కొంగు నలుపుతూ నిలబడింది.

"పండు పెట్టిన శాండ్‌విచ్‌లు మా కేఫ్‌లో ఇట్టే తడిసి ముద్దయిపోతాయి. అందరూ తిట్టేవాళ్లే," అంది చివరికి. "ఇవి టీలో ముంచినా కరకరలాడుతున్నాయి. ఆ ఘాటు కూడా ఎక్కడికీ పోలేదు. బాగుందమ్మా, చాలా బాగుంది. రేపట్నుంచి పంపు. ఇవే కావాలి, ఈ అంచులే."

ఇల్లాలు ఉన్నచోటే కూర్చుండిపోయింది. కళ్లు తుడుచుకుంది, నవ్వింది, మళ్లీ తుడుచుకుంది.

"నేను వేసిన రెండో కోటింగు..." అని కాంట్రాక్టరు మొదలెట్టాడు. ఆమె ఒక్క చూపు చూసింది. ఆయన టీ తాగడంలో పడ్డాడు.

అప్పట్నుంచి ఆ ఇంట్లో అంచులు కేఫ్‌కు వెళుతున్నాయి, మిగతా శాండ్‌విచ్ పెద్దావిడ మోకాలికి వెళుతోంది.