బిండరూ బడిలో ప్రతిభకు పట్టం

మా బిండరూ ప్రభుత్వ పాఠశాలలో ఆఫీసు గుమాస్తా నియామకం నిష్పక్షపాతంగా ముగిసిందని ఎంపిక సంఘ సభ్యుడిగా సంతోషంతో తెలియజేస్తున్నాను. ఈ నిర్ణయాన్ని ఏ కోర్టులోనూ ప్రశ్నించరాదని చట్టంలోనే ఉంది. అంతటి చట్టం అండగా ఉండగా పొరపాటు చేయడానికి వెనకాడేంత పిరికివాళ్ళం కాము.

అభ్యర్థులు ఇద్దరు. మెరిన్ టక్‌వెల్ పదకొండేళ్ళుగా అదే కుర్చీలో తాత్కాలికంగా కూర్చుంటోంది. ఏ పిల్లవాడికి వేరుశనగ పడదో, ఏ తల్లి ఫోను ఎత్తదో ఆమెకే తెలుసు. తాత్కాలికం కాబట్టి, మాకు ఎండాకాలంలో వచ్చే క్రిస్మస్ సెలవుల్లో జీతం ఉండదు. యాభై మూడేళ్ళ వయసులో, అరిగిన మోకాళ్ళతో, ఆ సెలవుల్లో నిచ్చెనెక్కి కూలికి పీచ్ పళ్ళు కోస్తుంది. ఉద్యోగం ఖాయమైతే ఆ నిచ్చెన తప్పుతుంది. రెండో అభ్యర్థి బ్రెట్ పాస్కో గొర్రెల ఉన్ని కత్తిరిస్తాడు. చాలా మంచివాడు. కంప్యూటరును చాలాసార్లు చూశాడు.

మనిషిని చూసి ఉద్యోగమిస్తే పక్షపాతమవుతుంది. అందుకని మేము దరఖాస్తు ఫారంలోని రాతపూర్వక జవాబులకే మార్కులు వేస్తాం. "మందను చెదరకుండా నడిపిన అనుభవం విద్యార్థుల హాజరు నిర్వహణకు తోడ్పడగలదు" అన్న బ్రెట్ వాక్యం దగ్గర ప్రిన్సిపాల్ గ్లెనిస్‌కు కళ్ళు చెమర్చాయి. మెరిన్ రాసింది ఒకటే ముక్క: "పదకొండేళ్ళుగా చేస్తున్నాను, మీకు తెలిసిందే." మాకు తెలుసు. తెలిసినదానికి మార్కులు వేసే గడి ఫారంలో లేదు.

తనకు ఉద్యోగం రాలేదన్న ఉత్తరాన్ని మెరినే టైపు చేసి, తప్పులు దిద్ది, మా సంతకాలకు తెచ్చింది.

"బ్రెట్ జవాబులు నేనే రాశాను గ్లెనిస్. బీరు పెట్టె పట్టుకొచ్చి బతిమాలాడు. ఊళ్ళో అందరికీ రాసిపెట్టేదాన్నేగా!"

"అయ్యో తల్లీ! మరి నీది అలా తగలేశావేం?"

"మన గురించి మనమే డబ్బా కొట్టుకుంటే ఈ ఊళ్ళో బతకనిస్తారా?"

ఆమె యూనియన్ లాయరు దగ్గరికీ వెళ్ళింది. ఆయన కాగితాలన్నీ చదివి, "కేసు గట్టిదేనమ్మా, వినే కోర్టే లేదు" అన్నాడట.

సంఘం మాత్రం దయతలచి ఆమెకు లిఖితపూర్వకంగా సలహా ఇచ్చింది: ఇకపై దరఖాస్తు రాసేటప్పుడు అనుభవజ్ఞుల సాయం పొందగలరు. బ్రెట్‌కు పని నేర్పేదాకా ఉండమని కూడా కోరింది.

"మెరినూ, ఇది ఎక్కడ నొక్కితే వెలుగుతుంది?" అని బ్రెట్ అడుగుతుంటే నాకు సిగ్గేసింది. అన్యాయమని ఆ రోజే లేచి చెబుదామనుకున్నాను. చెబితే ఎవరి జవాబులు ఎవరు రాశారని తవ్వుతారు. ఆరేళ్ళ క్రితం డిప్యూటీ ప్రిన్సిపాల్ పదవికి నా పేరుతో మెరిన్ రాసిన జవాబులూ బయటపడతాయి. అవి చదివి అప్పట్లో గ్లెనిస్ చప్పట్లు కొట్టింది.

ఆ ఉత్తరం మీద నేను సంతకం చేస్తున్నప్పుడు మెరిన్ నా వైపు చూసింది. కోర్టుల నోరు మూయడానికి చట్టం చేయాల్సి వచ్చింది. నా నోటికి ఆ అవసరం కూడా లేకపోయింది. మీ కుర్చీ ఎలా వచ్చిందో నేను అడగను లెండి.