పళ్ళ పొడి

ఆ శనివారం పొద్దున గౌరీశంకర్ ముందున్న పని చిన్నది. షాపు తెరిచేలోగా పళ్ళు తోముకోవటానికి ఒక పేస్టు కొనాలి. డల్లాస్ పక్కన కాపెల్‌లో ఇండియన్ గ్రోసరీ నడిపే మనిషికి కొనటం, అమ్మటం ఊపిరి పీల్చి వదలటంతో సమానం. అయితే ఈ సరుకుకి రెండు షరతులున్నాయి. ఒక్కరోజులో పళ్ళు తెల్లబడాలన్నది అతని సొంత షరతు. ఇంట్లోకి కొత్తగా ప్లాస్టిక్ రాకూడదన్నది హైస్కూల్ చదువుతున్న కూతురు వేద షరతు.

తొందరకి కారణం భార్య లీల. ఆ సాయంత్రం వాళ్ళ పెళ్ళిరోజు. ఇన్నేళ్ళ ఆల్బమ్‌లలో ఎక్కడ చూసినా గౌరీశంకర్ నోరు మూసుకునే ఉంటాడు. నయాగరా ముందు అంతే, వేదని మొదటిసారి ఎత్తుకున్నప్పుడూ అంతే. ఎదుటివాడు చెప్పిన ధర చెవిన పడనట్టు నిలబడిన మొహమే అన్నిట్లోనూ. తన పక్కన నిలబడి పళ్ళు కనపడేలా నవ్విన ఫోటో ఒక్కటి కావాలని, ఈ ఏడు ఇంకే కానుకా వద్దని లీల తేల్చి చెప్పింది. పైసా ఖర్చు లేని కానుక. మామూలుగా అయితే గౌరీశంకర్‌కి ఇంతకన్నా మంచి బేరం ఉండదు. కానీ అతనికి అదే అన్నిటికన్నా ఖరీదైనది.

దాని వెనక ఒక సంగతి ఉంది. పెళ్ళిలో అడ్డుతెర పట్టి ఉండగా ఫోటోగ్రాఫర్ నవ్వమంటే గౌరీశంకర్ నిండుగా నవ్వాడు. తెర అంచు కొంచెం తొలగింది. అవతలి నుంచి ఒక ఆడగొంతు, "పెళ్ళికొడుకు పళ్ళకి కూడా పసుపు రాశారే" అంది. తెర వెనక ఆడపిల్లలంతా కిసుక్కుమన్నారు. అప్పుడు మూసిన నోరు అతను కెమెరా ముందు మళ్ళీ తెరవలేదు. ఎందుకని ఎవరడిగినా చెప్పలేదు కూడా.

దగ్గర్లోని పెద్ద స్టోర్‌కి వేద వెంట వచ్చింది. పేస్టుల వరుస ముందు గౌరీశంకర్ అలవాటు కొద్దీ సరుకు కన్నా ముందు అట్టపెట్టెను చూశాడు. పెద్ద పెట్టె, అందులో చిన్న ట్యూబు, ట్యూబులో పావువంతు గాలి. ఇలా ప్యాక్ చేసినవాడి తెలివికి అతను మనసులో నమస్కారం పెట్టాడు. వేద అవన్నీ ప్లాస్టిక్ అని కొట్టేసింది. రేకు ట్యూబు ఒకటి దొరికితే దాని మూత ప్లాస్టిక్. గాజుసీసాలో బిళ్ళలున్నాయి, అవి నమిలి తోముకోవాలి. టిఫిన్‌కి ముందే నమలటం మొదలుపెడితే రోజంతా నమలటమే అవుతుందని తండ్రి వద్దన్నాడు. చివరికి కింది అరలో కాగితపు సంచీ ఒకటి కనిపించింది. లోపల పేస్టుకి బదులు వాడే పొడి, మూతి అంటించి ఉంది. సంచీ మట్టిలో కలిసిపోతుందని, దాని మీద అక్షరాలు కూడా మొక్కల రంగుతో అచ్చువేశారని వేద మురిసింది. పేస్టులో బోలెడంత నీళ్ళే ఉంటాయి, నీళ్ళు మన కుళాయిలోనూ వస్తాయి, దీంట్లో ఉన్నదంతా సరుకే అని తండ్రి మురిశాడు. తండ్రీకూతుళ్ళు ఒకే వస్తువు మీద చెయ్యి వెయ్యటం ఆ ఇంటి చరిత్రలో అరుదు.

సంచీ మీద రెండు వారాల్లో తెల్లబడతాయని రాసి ఉంది. ఫోటో సాయంత్రానికి. గౌరీశంకర్ దారిలోనే లెక్క కట్టాడు. రెండు వారాల్లో ఎన్నిసార్లు తోముకోవాలో అన్నిసార్లూ ఈ రోజే తోమేస్తే ఫలితం ఎక్కడికి పోతుంది? ఇంటికి రాగానే మొదటి విడత ముగించి, మిగతావి షాపు నుంచి తొందరగా వచ్చి చూసుకోవచ్చని, సంచీని సింకు పక్కన తడిలో వదిలి వెళ్ళాడు.

సంచీ మాట తప్పే రకం కాదు. మట్టిలో కలుస్తానన్నది, అంతదాకా ఆగలేక నీళ్ళలోనే కలవటం మొదలుపెట్టింది. గంట తర్వాత లీల చూసేసరికి అడుగు జావ అయిపోయింది. ఆమె పొడిని వంటింట్లోకి తీసుకెళ్ళి, కడిగి ఆరబెట్టిన గోంగూర పచ్చడి సీసాలో పోసింది. సంచీని వేద పెట్టిన కంపోస్టు డబ్బాలో పడేసింది. సీసా మీద చీటీ అంటించి పేరు రాసింది. ఆ వంటింట్లో ఏ సీసా మీదైనా పేరు తెలుగులోనే ఉండాలి, వేదకి చదవటం వస్తుందని లీల పెట్టిన పద్ధతి అది. ఈ సీసా మీద 'పళ్ళ పొడి' అని రాసి, గట్టు మీదే ఉంచి, బిర్యానీ ట్రేలు తీసుకురావటానికి కారెక్కింది.

వచ్చేవాళ్ళకి పళ్ళరసం చేసే పని వేదది. ఆరెంజ్ రసం, పైనాపిల్ ముక్కలు పెద్ద గాజు గిన్నెలో వేసి, ఇంకేదో తక్కువైందనుకుంటూ గట్టు వైపు చూసింది. కందిపొడి అంటే కందులతో చేసింది. నువ్వుల పొడి అంటే నువ్వులతో చేసింది. కిందటి ఆదివారమే తెలుగు బడిలో 'పండు'కి బహువచనం 'పళ్ళు' అని చెప్పి స్టార్ తెచ్చుకుంది. 'పన్ను'కీ అదే బహువచనమన్న సంగతి తర్వాతి వారం పాఠం. మూత తీస్తే స్ట్రాబెర్రీ వాసన. అమ్మ తనకోసమే తెచ్చి పెట్టిందనుకుని సీసా మొత్తం గిన్నెలో బోర్లించింది. గులాబీరంగు నురగ గిన్నె అంచు దాకా పొంగింది. ఇంత అందంగా వస్తుందని వేద అనుకోలేదు.

గౌరీశంకర్ ఇల్లు చేరేసరికి, షాపులో ఒక కస్టమర్ చింతపండు గురించి పెట్టుకున్న చర్చ వల్ల ఆలస్యమైంది. చుట్టాలు, స్నేహితులు అప్పటికే హాల్లో ఉన్నారు. చేతిలో కెమెరాతో డాక్టర్ శ్యామ్‌సుందర్ గారు ఎదురొచ్చారు. ఆయన డల్లాస్‌లో పళ్ళ డాక్టరుగా చేసి రిటైరై ఇప్పుడు సరదాకి ఫోటోలు తీస్తున్నారు. వృత్తి మారినా మాట మారలేదు. కెమెరా ఎత్తితే ఎవరినైనా "నోరు తెరవండి" అనే అంటారు. అందరి మూతుల మీదా గులాబీరంగు మీసాలు. జ్యూస్ చాలా కొత్తగా ఉందని, చల్లగా గొంతులోకి జారుతోందని ఆయన రెండో గ్లాసు నింపుకున్నారు.

గౌరీశంకర్ నేరుగా బాత్‌రూమ్‌కి వెళ్ళాడు. సంచీ లేదు. లీలని అడిగితే వంటింట్లో సీసాలో పోశానని, పేరు కూడా రాశానని చెప్పి ట్రేల వైపు పరుగెత్తింది. గట్టు మీద సీసా ఉంది, ఖాళీగా. వేదని పక్కకి పిలిచాడు.

"ఇందులో పళ్ళ పొడి ఏదమ్మా?"

"పళ్ళకి వేసేశా నాన్నా."

"నువ్వా? మొత్తమా?"

"ఫుల్ జార్. పళ్ళ పొడి పళ్ళకే కదా?"

"పళ్ళకే తల్లీ. ఎవరి పళ్ళకి?"

"ఎవరివి కాదు, ఆరెంజెస్, పైనాపిల్."

గౌరీశంకర్ హాల్లోకి చూశాడు. వ్యాపారంలో చెడిపోయిన సరుకు అరలో ఉంటే గప్‌చుప్‌గా తీసేయాలి, కస్టమర్‌కి కారణం చెప్పకూడదు. అదే సూత్రంతో గిన్నె ఎత్తి సింకు వైపు నడవబోయాడు. పక్కింటి మృదుల గారు చూశారు.

"అదేంటండీ, తాగుతుంటే లాక్కెళ్తున్నారు? రేపు షాపులో అమ్ముతారా ఏంటి?"

అందరూ నవ్వారు. ఆ మనిషి గురించి ఊళ్ళో ఉన్న పేరు అలాంటిది. గిన్నె వెళ్ళిపోతోందని తెలిసి తాగనివాళ్ళు కూడా లేచి వచ్చి గ్లాసులు ముంచుకున్నారు. ఒకాయన బాటిల్‌లో కూడా పట్టుకున్నాడు. గౌరీశంకర్ గిన్నె గట్టిగా పట్టుకున్నకొద్దీ దానికి గిరాకీ పెరిగింది. సరుకు లేదంటే ఎగబడతారని అతనికి తెలియనిది కాదు. కానీ ఆ సూత్రం తన మీదికే తిరగబడటం ఇదే మొదలు.

లీలకి చెప్పక తప్పలేదు. లీల అందరికీ చెప్పింది. గ్లాసులు గాల్లోనే ఆగిపోయాయి, చేతులు నోళ్ళ మీదికి వెళ్ళాయి. అందులో ఏమేం కలిపారని డాక్టర్ గారు అడిగారు. సంచీ మీద రాసి ఉంటుందని వేద కంపోస్టు డబ్బాలోంచి ఒక తడి ముద్ద తెచ్చింది. మొక్కల రంగు ఎక్కడిదక్కడికే వెళ్ళిపోయింది. చదవటానికి మిగిలిన మాట ఒక్కటే, 'వీగన్'. అది విని ఎవరికీ ధైర్యం రాలేదు. వేద కళ్ళలో నీళ్ళు తిరిగాయి. డాక్టర్ గారు సీసా అడుగు వేలితో గీరి నాలుక మీద పెట్టుకుని, వైన్ రుచి చూసేవాడిలా కళ్ళు మూసుకున్నారు.

"వంటసోడా, సుద్ద, ఉప్పు, బీట్‌రూట్. జీవితమంతా ఇవే చూశాను. ఏం కాదు, కొంచెం తేనుపులొస్తాయి. పాపని ఏమీ అనకండి, చీటీలో తప్పు లేదు, చదవటంలోనూ తప్పు లేదు."

ఆయన పెద్దగా తేన్చి తన మాట రుజువు చేశారు. జనం తేలిగ్గా ఊపిరి తీసుకున్నారు గానీ, అదే పని తమకెప్పుడు వస్తుందోనని ఎవరూ నోటి మీద చెయ్యి తియ్యలేదు.

లీల మాత్రం సోఫా అంచున కూలబడింది. "ఇంక ఫోటో లేనట్టే. పొడి అయిపోయింది, మీరు నోరు తెరవరు." మొగుడి వైపు తిరిగింది. "నేనడిగింది నవ్వేనండీ. తెల్లగా ఉండాలని ఎప్పుడైనా అన్నానా?"

"అన్నావు."

"ఎప్పుడు?"

గౌరీశంకర్ ఆమె పక్కన కూర్చున్నాడు. నిల్వ ఉంచిన సరుకు ఎప్పుడో ఒకప్పుడు బయటికి తియ్యాల్సిందే. "పెళ్ళికొడుకు పళ్ళకి కూడా పసుపు రాశారే" అన్నాడు, ఆ గొంతుతోనే.

లీల మొహం ముందు తెల్లబోయింది, తర్వాత ఎర్రబడింది. "అది విన్నారా? అన్నది నేనని తెలుసా?"

"పెళ్ళిచూపుల్లో విన్న గొంతే కదా. పరాయివాళ్ళ మాటకి షాపు మూసేస్తానా?"

"తెలిసే తాళి కట్టారా?"

"ఆ మాట విన్నాకే ధైర్యం వచ్చింది. అప్పటిదాకా అమ్మాయి మరీ నెమ్మదస్తురాలు, ఇంట్లో పొద్దుపోదేమోనని భయపడ్డాను."

లీల నవ్వు ఆపుకోబోయింది. ఆగలేదు. అతని భుజం మీద తల పెట్టి పమిట నోటికి అడ్డం పెట్టుకుని ఊగిపోతూ నవ్వింది. ఆమెని చూసి గౌరీశంకర్ కూడా మొదలుపెట్టాడు, దవడ నొప్పెట్టేలా. డాక్టర్ శ్యామ్‌సుందర్ గారు ఆ రోజు 'నోరు తెరవండి' అనలేదు. ఊరికే నొక్కారు.

ఆ ఫోటో ఇప్పుడు వాళ్ళ హాల్లో ఉంది. వెనక బంధుమిత్రులందరూ అరచేతులతో నోళ్ళు మూసుకుని ఉంటారు, లీల నోటికి పమిట అడ్డం. మొత్తం ఫోటోలో కనపడే పళ్ళు గౌరీశంకర్‌వే. పసుపు ఎక్కడా తగ్గలేదు. ఇంతకన్నా మంచి కానుక తనకెవరూ ఇవ్వలేదని లీల వచ్చినవాళ్ళందరికీ చూపిస్తుంది.

మర్నాటి నుంచి జనం ఫోన్లు చేశారు. కొందరు పళ్ళు మెరుస్తున్నాయన్నారు, కొందరు అరుగుదల బాగుందన్నారు, మృదుల గారు రెసిపీ అడిగారు. గౌరీశంకర్ ఆ పొడి తన షాపులోకి కూడా తెప్పించాడు గానీ, సబ్బుల పక్కన పెట్టాలో, షర్బత్‌ల పక్కన పెట్టాలో ఇంకా తేల్చుకోలేదు.