గాలిని కాపాడిన తోర్గ్ని

మా గ్రోస్కేర్ దీవి గాలి స్వీడన్ మొత్తంలోకీ శుభ్రమైనదని మునిసిపాలిటీ వారు ప్రకటించారు. పీల్చేవాళ్ళు తగ్గిపోవడం కూడా ఇందుకు తోడ్పడిందట.

ఈ ఘనత తోర్గ్ని ఎక్లేవ్ గారిది. ముప్పై ఏళ్ళకు పైగా ఆయనే మా ప్రతినిధి. మొదట కప్పలను కాపాడారు; అవి దాటే రోడ్డును మూయించారు. తరువాత చీకటిని కాపాడారు. వీధి దీపాలు పీకించారు. నిశ్శబ్దాన్ని కాపాడటానికి చర్చి గంటకు ఉన్ని తొడుగు వేయించారు. అల్లింది మేమే. చివరకు గాలి కోసం పొగ కక్కే డీజిల్ పడవను ఆపించారు. విద్యుత్ పడవ పరిశీలనలో ఉంది.

అభ్యంతరాలు వినడానికి అవతలి ఒడ్డున సభ పెట్టారు. పడవ లేదు, తెడ్లు వేసే వయసూ మాది కాదు కనుక ఎవరమూ వెళ్ళలేదు. అభ్యంతరాలు లేవని నమోదయింది.

అవతలి ఒడ్డునే మా అక్క సిగ్బ్రిట్ తుంటి విరిగి ఆసుపత్రిలో ఉంది.

"ఎప్పుడొస్తావే?" అని ఫోనులో అడిగింది.

"పడవ రాగానే."

"అప్పటిదాకా నేనుండొద్దూ?"

ఎన్నికల ముందు తోర్గ్ని గారు అవతలి ఒడ్డు నుంచి చిన్న పడవలో స్వయంగా తెడ్లు వేసుకుంటూ వచ్చారు. కాఫీ, ఏడు రకాల బిస్కెట్లు పెట్టాం. ఆయన లేచి నిలబడ్డారు.

"మిత్రులారా! చేప కళ్ళలోకి చూసి నేను సిగ్గుపడని రోజు లేదు! మన మునిమనవలు పీల్చబోయే గాలిని ఇప్పుడే దాచిపెట్టాను! ఎవరికైనా ఇబ్బందిగా ఉందా?"

అందరం కాఫీ కప్పుల్లోకి చూశాం. పక్కింటి యోర్డిస్ నా డొక్కలో పొడిచింది.

"చెప్పవే, మీ అక్క సంగతి!"

"నువ్వే చెప్పు, నోరు పెద్దదిగా!"

"నోట్లో బిస్కెట్ ఉందే!"

మా గుసగుసలు చెవిన పడ్డాయేమో, రేవులో పడవెక్కుతూ ఆయనే నావైపు తిరిగారు. "ఒకరికి చోటుందమ్మా. మీ అక్కను చూడాలట కదా, వస్తావా?"

మన మర్యాద మీకు తెలియనిది కాదు. పిలవగానే ఎక్కితే సిగ్గులేనితనం. రెండుసార్లు వద్దనాలి, మూడోసారి మొహమాటంగా ఒప్పుకోవాలి. సర్దిన సంచి నా చేతిలోనే ఉంది.

"అయ్యో, నేనెందుకులెండి బాబూ. మీకు శ్రమ."

ఆయన ఏదీ వృథా చేయరు, మాటతో సహా. "సరే" అని తెడ్డు వేశారు.

పడవ కనుమరుగయ్యాక అందరం ఆయన్ను ధైర్యంగా తిట్టాం.

"మొదటిసారే ఎక్కితే ఏమయ్యేదే?" అంది అక్క ఆ సాయంత్రం.

"నలుగురూ చూస్తున్నారక్కా!"

అక్క ఫోను పెట్టేసింది.

ఆదివారం మా దీవి ఓట్లన్నీ తోర్గ్ని గారికే పడ్డాయి. నాదీ అంతే. అంత పెద్దమనిషి తన పడవలోకి రమ్మని నోరు తెరిచి పిలిచాక, కాదనడం ఏం మర్యాద?