ఓటీపీ చెప్పని సైనికుడు

ఆదివారం పొద్దున్నే కాఫీ తాగి, ముప్పై ఏళ్ల కిందటి చారిత్రక యుద్ధ సినిమాను ఆ రోజు చూసి తీరాలని, అదీ దొంగ కాపీ కాకుండా చట్టప్రకారం చూడాలని బసవపున్నయ్య నిశ్చయించుకున్నాడు. అందులో ఆయన బల్లెం పట్టిన సైనికుడు. ఆ సంగతి తిరువూరులో ఎవరూ నమ్మరు. ఆయనా ఎవర్నీ నమ్మడు గనుక చెల్లుకు చెల్లు.

అందరికంటే నమ్మనిది బావమరిది శాంతయ్యను. షూటింగుకు వెళుతూ ఇంట్లోనే పెట్టానని ఆయన చెప్పే వాచీ, మామగారు పెళ్లికి పెట్టింది, ఆ రోజే మాయమైంది. ఆ రోజు ఇంటికొచ్చినవాడు శాంతయ్య ఒక్కడే. అప్పటినుంచి అతనికి ఆ గడప నిషిద్ధం. సొంత తమ్ముడికి పట్టెడన్నం పెట్టుకోలేకపోయానని భార్య రావమ్మ లోలోపల కుమిలిపోయేది.

"సినిమా తీసిన కంపెనీవాళ్ల సొంత యాప్‌లోనే ఉంది తాతయ్యా. పక్కా లీగల్," అంది మనవరాలు హాసిని.

"లీగలని ఎవరు చెప్పారు?"

"యాప్‌లోనే రాశారు."

"దొంగ నేను దొంగనని రాస్తాడా?"

అయినా ఒప్పుకున్నాడు. ఓటీపీ వచ్చింది. ఆయన చటుక్కున ఫోన్ చొక్కాలో దాచేశాడు.

"ఆ నంబరు యాప్‌లో కొట్టు తాతయ్యా!"

"ఎవరికీ చెప్పకూడదని బ్యాంకువాళ్లు మొత్తుకుంటుంటే యాపుకి చెప్తానా?"

మూడుసార్లు వచ్చింది. మూడుసార్లూ ఆయన రహస్యం కాపాడాడు. యాప్ విసిగి లాకైపోయింది. హాసిని ఫిర్యాదు పెడితే కంపెనీ అమ్మాయి ఫోన్ చేసింది.

"మీ పేరు చెప్తారా సార్?"

"నాకు ఫోన్ చేసి నా పేరే అడుగుతావా? నన్ను ఎవరూ అరెస్టు చెయ్యలేరు!" వీధి దద్దరిల్లింది.

పక్కింటి పుల్లమ్మ విన్నది అంతవరకే. గంట తిరక్కుండా బసవపున్నయ్యను మోసగాళ్లు ఫోన్లో డిజిటల్ అరెస్టు చేశారన్న వార్త బస్టాండు దాటి శాంతయ్య ఉండే పెనుగొలను చేరింది. ఇల్లు జనంతో నిండింది. శాంతయ్య బైకు మీద ఆదరాబాదరాగా వచ్చి గడప దాటేశాడు.

"బావా, ఏమన్నా పోయిందా?"

"ఇంకా పోలేదు. నువ్వొచ్చావుగా, ఇక పోతుంది."

రావమ్మకు దుఃఖం పొంగుకొచ్చింది. "ఇంకొక్క మాటన్నారంటే వాడి బండెక్కి నేనూ వెళ్లిపోతాను. మళ్లీ రాను," అంది.

విషయం తెలుసుకున్న శాంతయ్య తన ఫోన్లో సినిమాకు అద్దె కట్టి, తన ఓటీపీ తనే కొట్టాడు. హాసిని ఆ ఫోన్ను టీవీకి కలిపింది.

"రశీదు వచ్చిందా?" అనుమానంగా అడిగాడు బసవపున్నయ్య.

"వచ్చింది బావా."

సినిమా ముప్పావు వంతు అయ్యాక కోట గుమ్మం ముందు సైన్యం లేచింది. "అదిగో, మూడోవాణ్ణి నేనే!" అని ఆయన కేకేశాడు. జనం చప్పట్లు కొట్టారు. హాసిని సినిమా ఆపింది. సందేహం లేదు, బసవపున్నయ్యే. అదే ముక్కు, అదే మీసం. బల్లెం ఎత్తిన చేతికి మామగారు పెట్టిన చదరపు వాచీ తళతళలాడుతోంది.

చప్పట్లు ఆగిపోయాయి. శాంతయ్య తల వంచుకుని కళ్లు తుడుచుకున్నాడు. రావమ్మ వంటింట్లోకి వెళ్లి, తమ్ముడికి కంచం పెట్టింది.

బసవపున్నయ్య కళ్లజోడు తుడుచుకుని, తెరకేసి చాలాసేపు చూశాడు.

"హాసినీ, ఇది అసలుదేనంటావా? దొంగ కాపీ కాదు కదా?"

శాంతయ్య లేచి వచ్చి, ఫోన్లోని రశీదు బావకు చూపించాడు.