నిరంతరాయ ప్రాక్టీసు

న్యాయపీఠం మీద ఎవరు కూర్చోవాలో తేల్చడం చిన్న పని. ఆ పీఠం కోసం పరీక్ష ఎవరు రాయాలో తేల్చడమే మహాకార్యం. అర్హతా నిర్ధారణ విభాగం వెలిసింది అందుకే.

అక్కుపల్లిలో సముద్రం మీద వేటకెళ్లే నూకయ్య కూతురు తనూజ. లా చదివి పలాసలో ప్రాక్టీసు పెట్టింది. జడ్జి పరీక్షకు కూర్చోవాలంటే దరఖాస్తుకు ముందు మూడేళ్లు నిరంతరాయంగా ప్రాక్టీసు చేసి ఉండాలి. ఆమెకు మూడేళ్లూ నిండాయి. నిండాయని సీనియర్ తారకేశ్వరరావు సంతకం కూడా పెట్టాడు. విభాగం వారు అందులోంచి వేసవి సెలవులు, ఆదివారాలు, తుఫానుకు కోర్టు మూసిన రోజులు తీసేసి, మిగిలింది చాలదన్నారు. (అదే తుఫానులో నూకయ్య పడవ కూడా పోయింది. దాన్ని ఎవరూ ఏ లెక్కలోనూ వేయలేదు.)

తనూజ విభాగానికి వెళ్లి, ఈ లెక్కన దేశంలో ఏ వకీలుకైనా మూడేళ్లు నిండుతాయా అని అడిగింది. సహాయ అర్హతాధికారి ఫణీంద్ర ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి, టీ తెప్పించాడు.

“మేడమ్, మేం రూలు అమలు చేస్తాం. అర్థం చేసుకోవడం మా పరిధిలోకి రాదు” అన్నాడు ఎంతో మర్యాదగా.

ఆ మర్యాదకే ఆమెకు ఒళ్లు మండింది. పెద్ద కోర్టులో రిట్ వేసింది. వకీలును పెట్టుకునే తాహతు లేక తన కేసు తానే వాదించుకుంది. పరీక్ష రాసుకోవచ్చని, ఫలితం మాత్రం కేసు తేలేదాకా సీల్డు కవరులో ఉండాలని ఉత్తర్వు వచ్చింది. ఆమె రాసింది. కవరు నిద్రలో పడింది.

తర్వాత వాయిదాలు. ఒకసారి విభాగం వకీలు గడువడిగాడు. ఒకసారి ఫైలు వేరే బెంచికి పోతూ దారి తప్పింది. ఒకసారి అందరూ వచ్చారు గాని, టైము అయిపోయింది. ప్రతి వాయిదాకూ తనూజ పలాసలో రైలెక్కేది. ఊళ్లో ఉండని వకీలును ఎవరు నమ్ముకుంటారు? జీడితోటల తగాదాలవాళ్లు ఒక్కొక్కరే తారకేశ్వరరావు దగ్గరికి జారుకున్నారు.

చివరికి తీర్పొచ్చింది. సెలవులైనా తుఫానులైనా ప్రాక్టీసులో భాగమేనన్నారు. పిటిషనరు వాదనను మెచ్చుకున్నారు. కవరు విప్పితే ఆమె పాసై ఉంది. పోస్టులు ఎప్పుడో నిండిపోయాయి కనుక, వచ్చే పరీక్షకు దరఖాస్తు చేసుకునే స్వేచ్ఛ ప్రసాదించారు.

ఆ స్వేచ్ఛను ఆమె వెంటనే వాడుకుంది. ఫణీంద్ర వెంటనే తిరస్కరించాడు. ఇన్నాళ్లూ ఆమె కోర్టులో నిలబడింది వకీలుగా కాదు, కక్షిదారుగా. కాబట్టి ప్రాక్టీసు తెగింది. మళ్లీ మొదటినుంచి లెక్కపెట్టుకోవాలి.

సాయంత్రం ఒడ్డున వల బాగుచేసుకుంటున్న తండ్రికి ఆమె ఇదంతా చెప్పింది. నూకయ్య వలలో తెగిన చోట ఒక ముడి బిగించాడు.

“నా వల నాను బాగుసేసుకుంతే అది పని కాదంతారేటమ్మా?”

“ఊరోళ్లది బాగుసెయ్యాల నాన్నా. అప్పుడే పనంతారు.”

“మరేటి సేత్తావు?”

“మళ్లీ కేసేత్తాను.”

“అదీ లెక్కకి రాదు గదా.”

“రాదు” అంది తనూజ.

ఆమె తీర్పు పుణ్యమా అని ఆ ఏడు చాలామంది అర్హులయ్యారు. ప్రశ్నపత్రంలో తప్పనిసరిగా రాయాల్సిన ప్రశ్న ఒకటుంది: తనూజ కేసులో నిర్ధారించిన న్యాయసూత్రాన్ని వివరింపుము. హాల్లోకి రానిచ్చిన వాళ్లందరూ బాగానే రాశారట.