చెర్రీ చెట్టెక్కిన డిస్కులు

శనివారం ఉదయం వెలిన్ వేసుకున్న పథకం చాలా చిన్నది. తమ్ముడు రుమెన్ పదింటి రైలుకు సోఫియా నుంచి క్యుస్తెందిల్ వస్తాడు. ఇద్దరూ వేడివేడి చీజ్ రొట్టె బానిత్సా తింటారు, చెరో గ్లాసు రకియా సారా పోసుకుంటారు, తమ పాత హాస్య సీరియల్ 'లిఫ్టు పనిచేయదు' మొదటి డిస్కు పెట్టుకుని సాయంత్రం దాకా నవ్వుకుంటారు.

అన్నదమ్ములు మాట్లాడుకుని ఆరేళ్ళయింది. అప్పట్లో ఆ డిస్కులు ఒక్క వారం ఇమ్మని రుమెన్ అడిగితే, "అవి నా గడప దాటవు" అన్నాడు వెలిన్. మాటా మాటా పెరిగింది. "నాకు ఇంటర్నెట్లో దొరుకుతుంది. నీ పెట్టెను నువ్వే కౌగిలించుకుని పడుకో!" అని రుమెన్ వెళ్ళిపోయాడు. మొన్న ఇంటర్నెట్ వాళ్ళు చెప్పాపెట్టకుండా ఆ సీరియల్ తీసిపారేశారు. రుమెన్ ఫోన్ చేసి, గొంతు సవరించుకుని, "అన్నయ్యా, అవి ఇంకా ఉన్నాయా?" అన్నాడు. ఆ 'అన్నయ్యా' వినేసరికి వెలిన్‌కు కళ్ళు చెమర్చాయి.

తొమ్మిదింటికి పెట్టె తెరిచాడు. పద్దెనిమిది కవర్లున్నాయి. డిస్కు ఒక్కటీ లేదు.

"అత్తయ్యా! ఇందులో డిస్కులేవి?"

"చెట్టుకున్నాయి నాయనా," అంది అత్తగారు డోనా వంటింట్లోంచి తాపీగా. "పిట్టలు చెర్రీలన్నీ ఊడ్చేస్తుంటే కట్టాను. ఊరంతా కట్టేదేగా! ఇప్పుడీ బిళ్ళలు ఎవరు చూస్తున్నారు, అంతా ఫోన్లోనే కదా."

వెలిన్ పెరట్లోకి ఉరికాడు. ఎనిమిది డిస్కులు ఎండలో తళతళలాడుతున్నాయి. రోజూ చూస్తూనే ఉన్నాడు, ఏవో పాతవనుకున్నాడు.

"మిగతా పది?"

"ఇరుగుపొరుగుకీ చెట్లున్నాయి కదా! అడిగితే లేదంటానా? అసలే నిన్ను పిసినారి అంటున్నారు."

వెలిన్ వీధిన పడ్డాడు. పక్కింటి గింకా టీచర్ నోరు తెరవనివ్వలేదు. "మీది వెన్నలాంటి మనసండీ! ఒక్క పిట్ట వాలితే ఒట్టు," అంటూ ఎర్రమిరప పచ్చడి సీసా చేతిలో పెట్టింది. పచ్చడి పుచ్చుకున్నాక డిస్కులెలా అడుగుతాడు? ఎదురింట్లోనూ అదే తంతు. నాలుగిళ్ళు తిరిగేసరికి చేతుల్లో నాలుగు సీసాలు, డిస్కులు సున్నా. చివరిది టాక్సీ నడిపే మెతోది దగ్గరుంది. వేగాన్ని పట్టే రాడార్ కెమెరా కంట పడకుండా ఉంటుందని దాన్ని అద్దానికి వేలాడదీసుకున్నాడు. ఇప్పుడే స్టేషన్‌కు వెళ్ళాడని వాళ్ళావిడ చెప్పింది.

రుమెన్ దిగేదీ అక్కడేనని వెలిన్ ఇంటికి పరుగెత్తాడు. తిరిగొచ్చేసరికి గేటు ముందు టాక్సీ ఆగింది. అందులోంచి దిగిన రుమెన్ చేతిలో దారం కట్టిన డిస్కు ఉంది. దారిలో మెతోది అంతా చెప్పేసినట్టున్నాడు.

"నాకు గడప దాటవన్నావు! టాక్సీకిచ్చావు, ఆ చెట్లకిచ్చావు, ఊరందరికీ ఇచ్చావు!" అన్నాడు రుమెన్. "సొంత తమ్ముణ్ణి నేనొక్కణ్ణే కానివాణ్ణయ్యానా? మెతోదీ, బండి తిప్పు!"

"ఒరేయ్, నేనివ్వలేదురా! మా అత్తయ్య..."

"ఆరేళ్ళ తర్వాత కూడా అబద్ధాలేనా?"

డోనా అట్లకాడతో బయటికొచ్చింది. "నేనే కట్టాను బాబూ, మూడు వారాలైంది. ఈయన ఆ పెట్టె తెరిస్తే కదా తెలియడానికి! నువ్వెళ్ళినప్పటి నుంచి ముట్టుకుంటే ఒట్టు."

రుమెన్ అన్న వంక చూశాడు. "ఆరేళ్ళలో ఒక్కసారీ చూడలేదా?"

"ఒక్కణ్ణే చూస్తే నవ్వు రాలేదురా," అన్నాడు వెలిన్, సీసాలు గుండెకు హత్తుకుని.

రుమెన్ రెండు సీసాలు అందుకుని లోపలికి నడిచాడు.

చెట్టు మీంచి విప్పిన మొదటి డిస్కు పెట్టారు. కొమ్మల రాపిడికి గీతలు పడ్డాయేమో, సరిగ్గా అసలు జోకు దగ్గర బొమ్మ ఆగిపోయింది. ఇద్దరూ ఒకేసారి ఆ డైలాగు అందుకున్నారు. వెలిన్ కూలబడి చెప్పాడు, రుమెన్ నిలబడి చెప్పాడు.

"అది కాదురా, వాడు మెట్ల మీద కూలబడి చెప్తాడు!"

"నీ మొహం! నిలబడే చెప్తాడు అన్నయ్యా, నాకు తెలీదూ!"

సాయంత్రమైనా అది తేలలేదు. తేల్చడానికి రుమెన్ మళ్ళీ శనివారం వస్తానన్నాడు. గీతలు పడ్డ డిస్కులు ఇంకా పదిహేడున్నాయి.